సీరియలా, సినిమానా, వెబ్ సిరీసా: క్యారెక్టర్ ఆర్టిస్ట్ దేనికి డేట్లు ఇవ్వాలి?

సీరియల్‌లో హీరోయిన్ బాబాయ్ వేషం ఖాయమైంది, సోమవారం నుంచి షూటింగ్. అదే వారం ఒక సినిమా కో-డైరెక్టర్ ఫోన్ చేసి "మంచి క్యారెక్టర్ ఉంది, వచ్చే నెల చెప్తాను, గడ్డం మాత్రం తీయకండి" అన్నాడు. హైదరాబాద్‌లో కృష్ణానగర్‌లోనో యూసుఫ్‌గూడలోనో గది తీసుకుని ఉంటున్న సహాయ నటులకు ఎప్పుడో ఒకప్పుడు ఈ చిక్కు తప్పదు. సలహా అడిగితే ఎవరి అనుభవం వాళ్ళు చెప్తారు. సీరియల్స్ చేసి ఫ్లాట్ కొనుక్కున్నాయన "తిండి పెట్టేది టీవీయే" అంటాడు. ఒకే సినిమాతో పేరు తెచ్చుకున్నాయన "సీరియల్‌కి వెళ్తే ముఖం అరిగిపోతుంది" అంటాడు. ఇద్దరూ నిజమే చెప్తున్నారు, కాకపోతే ఎవరి నిజం వాళ్ళది.

హీరోకి మార్కెట్ ఉంటుంది, క్యారెక్టర్ ఆర్టిస్ట్‌కి ఉండేవి డేట్లు. నెలకు 30 రోజుల సరుకు, మిగిలిపోతే మర్నాటికి పనికిరాదు. అందుకే ఏ మాధ్యమం గొప్పది అనే చర్చ పక్కనపెట్టి, మీ రోజుల్ని ఎవరు ఎలా వాడుకుంటారు, బదులుగా ఏమిస్తారు అన్నది చూద్దాం.

ముందు రూపాయల లెక్క

ఈ అంకెలు ఊరికే ఉదాహరణకు, మీ రేటు పెట్టుకుని మళ్ళీ వేసుకోండి. సీరియల్‌లో రోజుకు 3 వేలు అనుకుందాం. నెలకు 12 రోజులు పని ఉంటే 36 వేలు. అందులో 10 శాతం టీడీఎస్ (ముందే పట్టుకునే పన్ను) పోతే చేతికి 32,400. సినిమాలో రోజుకు 8 వేలు, వేషం 10 రోజులు అనుకుందాం. మొత్తం 80 వేలు. వినడానికి ఇదే బాగుంది. కానీ ఆ పది రోజులూ ఒకేసారి రావు. హీరో డేట్లు, లొకేషన్ పర్మిషన్లు, వాన, ఫైనాన్స్ అన్నీ కుదిరి అవి ఐదు నెలల్లో పరుచుకుంటే నెలకు పడేది 16 వేలే. ఆ ఐదు నెలలూ అదే గడ్డం, అదే జుట్టు. మరో గెటప్ అడిగిన వేషాన్ని వదులుకోవాలి.

సీరియల్ డబ్బుకు ఇంకో మెలిక ఉంది. ఛానల్ నుంచి ప్రొడక్షన్ హౌస్‌కి, అక్కడి నుంచి మీకు. జనవరిలో చేసిన పనికి మార్చిలోనో ఏప్రిల్‌లోనో చెక్కు రావడం మామూలు. అంటే మొదటి మూడు నెలల అద్దె, తిండి, పెట్రోల్ మీ జేబులోంచే. ఒకసారి ఆ గొలుసు మొదలైతే మాత్రం ప్రతి నెలా ఎంతో కొంత పడుతుంది. సినిమాలో కొంత అడ్వాన్స్, కొంత షూటింగ్ మధ్యలో, మిగిలింది డబ్బింగ్ నాటికి. డబ్బింగ్ చెప్పేశాక మీ అవసరం వాళ్ళకు ఉండదు. అనుభవం ఉన్న ఆర్టిస్టులు డబ్బింగ్ థియేటర్‌లో మైకు ముందు నిలబడే ముందే బ్యాలెన్స్ మాట తేల్చుకుంటారు. మొహమాటపడితే ఆ డబ్బు మీద ఆశ వదులుకోవాల్సిందే.

ఆడవాళ్ళు ఈ లెక్కలో ఇంకో వరుస కలుపుకోవాలి. చాలా సీరియల్స్‌లో చీరలు, నగలు ఆర్టిస్టే తెచ్చుకోవాలి. అత్తగారి వేషమైతే ప్రతి సీనుకూ పట్టుచీరే, అదీ వంటింట్లో కూడా! ఒకసారి కట్టింది వెంటనే మళ్ళీ కడితే చూసేవాళ్ళు పట్టేస్తారు. సూట్‌కేసులు మోయడం, డ్రై క్లీనింగ్, బ్లౌజులు కుట్టించడం కలిపితే రోజు పారితోషికంలో మంచి భాగమే పోతుంది. సినిమాలో కాస్ట్యూమ్స్ కంపెనీవే. ఇద్దరు ఆర్టిస్టులకు ఒకే రేటు అన్నప్పుడు ఈ తేడా ఎవరూ చెప్పరు. రేటు మాట్లాడేటప్పుడే "కాస్ట్యూమ్స్ ఎవరివి" అని అడగాలి.

సీరియల్ ఇచ్చేది, తీసుకునేది

1995లో ఈటీవీ, జెమినీ వచ్చాక తెలుగులో డైలీ సీరియల్ ఒక పరిశ్రమ అయింది. అంతకుముందు దూరదర్శనే. మంజులా నాయుడు తీసిన ఋతురాగాలు, తర్వాత చక్రవాకం, మొగలిరేకులు ఏళ్ళ తరబడి నడిచాయి. కార్తీకదీపం 2017లో మొదలై 2023 దాకా సాగింది. ఇన్నేళ్ళు నడిచే కథలో పిన్ని, పెద్దమ్మ, మేనమామ వేషాలకు ఉన్న భద్రత సినిమాలో ఊహించలేం. పైగా హీరోహీరోయిన్లు కన్నడం నుంచి, మలయాళం నుంచి వస్తున్నా, ఇంట్లో పెద్దవాళ్ళ పాత్రలకు తెలుగువాళ్ళ అవసరం తీరలేదు. కార్తీకదీపం నాయిక ప్రేమి విశ్వనాథ్ మలయాళీ, ఆ కథ మలయాళ మూలంలోనూ ఆమే నటించింది. మన ఆర్టిస్టులు దీని మీద గొణుగుతారు గానీ, చుట్టూ ఉన్న వేషాలు మనవాళ్ళ చేతిలోనే ఉన్నాయన్నది కూడా చూడాలి.

కెమెరా అలవాటు కావడానికి సీరియల్‌ని మించిన బడి లేదు. రోజుకు అన్ని సీన్లు తీయాలంటే లైటు ఎక్కడుంది, నిలబడాల్సిన మార్క్ ఎక్కడుంది, ఎదుటివాళ్ళ మీద నీడ పడుతోందా అన్నవి ఒంటికి పట్టేస్తాయి. కొత్తవాడికి ఆరు నెలల్లో బెరుకు పోతుంది.

తీసుకునేవి మూడు. ఒకటి, ప్రాంప్టింగ్. పక్క నుంచి డైలాగ్ అందిస్తుంటే విని చెప్పడం అలవాటైతే, మాటకు ముందు చిన్న ఆగుడు వచ్చేస్తుంది, చూపు ఒక క్షణం వినడానికి వెళ్తుంది. సింక్ సౌండ్‌లో (సెట్లోనే గొంతు రికార్డు చేస్తూ) తీసే సినిమాలో, వెబ్ సిరీస్‌లో ప్రాంప్టింగ్‌కి తావే లేదు. సీరియల్‌లో ఉన్నా డైలాగ్ బట్టీ పట్టే అలవాటు వదలకండి. రెండు, రియాక్షన్. క్లోజప్‌లో మూడుసార్లు తల తిప్పే పద్ధతి కొన్నేళ్ళు చేశాక సినిమా దర్శకుడు "తగ్గించండి" అంటే ఎక్కడ తగ్గించాలో తెలియదు. మూడు, డేట్లు. కథ మీ పాత్ర చుట్టూ తిరిగే వారాల్లో అదనపు రోజులు అడుగుతారు, ఆ వారమే సినిమా పిలుస్తుంది. సీరియల్‌లో ఆర్టిస్టు దొరక్కపోతే వాళ్ళ దగ్గర మందు సిద్ధంగా ఉంటుంది: పాత్రను ఊరికి పంపిస్తారు, లేదా "ఈ పాత్రలో ఇకపై" అని కొత్త ముఖం చూపిస్తారు, మరీ కోపమొస్తే గోడ మీద ఫోటోకి దండ వేస్తారు.

సీరియల్‌కి వెళ్తే సినిమా తలుపు మూసుకుపోతుందన్న మాట మాత్రం పూర్తిగా నమ్మకండి. రావు రమేష్ సీరియల్స్‌లో చేశాకే సినిమాల్లో నిలబడ్డారు. 2008లో కొత్త బంగారు లోకం లెక్చరర్ పాత్రతో జనం గుర్తుపట్టారు, 2024లో మారుతీనగర్ సుబ్రమణ్యంలో ఆయనదే ప్రధాన పాత్ర. రావు గోపాలరావు కొడుకైన ఆయనకు కూడా దారి నేరుగా తెరుచుకోలేదు. ధర్మవరపు సుబ్రహ్మణ్యం దూరదర్శన్‌లో ఆనందోబ్రహ్మతో ఇంటింటికీ తెలిశారు, ఆ తర్వాత సినిమాల్లో ఎన్ని లెక్చరర్ వేషాలు వేశారో లెక్కలేదు.

సినిమా: జీతం తక్కువ, జ్ఞాపకం ఎక్కువ

ఒక్క సీన్ చాలు, ఇరవై ఏళ్ళు గుర్తుంటారు. సీరియల్‌లో వెయ్యి ఎపిసోడ్లు చేసినా దొరకనిది ఇదే. గుండమ్మ కథ 1962లో వచ్చింది. ఎన్టీఆర్, ఏఎన్నార్ ఇద్దరూ ఉన్న సినిమాకు సూర్యకాంతం పాత్ర పేరు పెట్టారు. నర్తనశాలలో కీచకుడికి ఎస్వీ రంగారావు జకార్తా చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి అందుకున్నారు. ఇలాంటివి చూసే కదా మనం ఈ రంగంలోకి వస్తాం.

అయితే ఆ కాలానికీ ఇప్పటికీ ఒక తేడా ఉంది. అప్పుడు కథలు కుటుంబం చుట్టూ తిరిగేవి. తండ్రి, గయ్యాళి అత్త, మేనమామ, ఊరి పెద్ద లేకుండా కథ కదిలేది కాదు. ఇప్పుడు పెద్ద సినిమాల్లో తండ్రి పాత్ర చాలాసార్లు మొదటి అరగంటలోనో ఫ్లాష్‌బ్యాక్‌లోనో అయిపోతుంది, మిగతా బలమైన వేషాలకు పక్క భాషల నుంచి పేరున్న నటుల్ని తెస్తారు. దీని మీద కోట శ్రీనివాసరావు చివరిదాకా బహిరంగంగానే మాట్లాడుతూ వచ్చారు. ఆయన కోపం సబబే, కానీ పది భాషల్లో అమ్ముకోవాలనుకునే నిర్మాత దాన్ని వినే స్థితిలో లేడు.

కాబట్టి సినిమా అంటే ఏ సినిమా అని అడగాలి. పెద్ద హీరో పక్కన గుంపులో నిలబడే 20 రోజుల వేషాన్ని సెట్లో "ప్యాడింగ్" అంటారు. డబ్బు వస్తుంది, ముఖం కనిపించదు. చిన్న సినిమాలో ఆరు సీన్లున్న తండ్రి వేషానికి డబ్బు సగమే ఉండొచ్చు, మీ ముందున్న పదేళ్ళూ దాని మీదే నడవొచ్చు. కేరాఫ్ కంచరపాలెం 2018లో విశాఖలోని ఆ పేట మనుషులతోనే ఎక్కువగా తీశారు. 2023లో బలగం వచ్చాక దానిలోని పెద్దవయసు నటుల్లో కొందరు బిజీ అయ్యారు. నన్నడిగితే ప్యాడింగ్ వేషాన్ని డబ్బు అవసరానికి ఒప్పుకోవచ్చు, ఎదుగుదల కోసం ఒప్పుకోకూడదు. "పెద్ద బ్యానర్ కదా, పరిచయాలు పెరుగుతాయి" అన్నది కారవాన్ బయట ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని మనకు మనం చెప్పుకునే మాట.

వెబ్ సిరీస్

ఆహా 2020లో మొదలైంది, మిగతా ప్లాట్‌ఫామ్‌లూ తెలుగులో సొంత సిరీస్‌లు తీయడం ఆ కాలంలోనే పెరిగింది. సహాయ నటుడికి ఇది సీరియల్‌కీ సినిమాకీ మధ్య దారి. సినిమాలో మూడు సీన్లుండే తండ్రికి సిరీస్‌లో మూడు గంటల కథ దొరుకుతుంది. షూటింగ్ ఒకటి రెండు షెడ్యూళ్ళలో అయిపోతుంది, కంటిన్యుటీ (ఒకే గెటప్ నిలుపుకోవడం) బాధ తక్కువ. కాగితం మీద అగ్రిమెంట్ ఉండే అవకాశం కూడా ఇక్కడే ఎక్కువ. 2024 జనవరిలో ఈటీవీ విన్‌లో వచ్చిన 90స్ సిరీస్‌లో మధ్యతరగతి తండ్రిగా శివాజీ కొత్తగా కనిపించారు, మరుసటి ఏడాది కోర్ట్ సినిమాలో మంగపతిగా ఆయన గురించే అందరూ మాట్లాడుకున్నారు. ఒకప్పటి హీరో క్యారెక్టర్ ఆర్టిస్ట్‌గా తిరిగొచ్చిన దారి అది.

దీనికి ఉన్న లోటు ఒకటే, పని నిలకడగా ఉండదు. ఒక సిరీస్ అయ్యాక రెండోది ఎప్పుడో తెలియదు, తీసినది విడుదలయ్యేసరికి ఏడాది పట్టినా ఆశ్చర్యం లేదు. దీన్నొక్కదాన్నే నమ్ముకుని ఊరి నుంచి బస్సెక్కకండి. పాతికేళ్ళ లోపు వాళ్ళకైతే యూట్యూబ్ షార్ట్ ఫిల్మ్‌లు ఇక్కడికి దగ్గర దారి. సుహాస్ అలా వచ్చి, మజిలీలో స్నేహితుడి వేషం వేసి, 2020లో కలర్ ఫోటోకి హీరో అయ్యాడు.

ఉద్యోగం, నాటకం: చాలామంది చిన్నచూపు చూసే దారి

నాకు అన్నిటికన్నా నమ్మకమున్నది దీని మీదే. మన తెర మీద గట్టిగా నిలబడిన క్యారెక్టర్ ఆర్టిస్టుల వెనక ఒక జీతం కనిపిస్తుంది. కోట శ్రీనివాసరావు స్టేట్ బ్యాంకులో పనిచేస్తూ నాటకాలు వేశారు. 1978లో ప్రాణం ఖరీదుతో తెర మీదికి వచ్చినా, ఇంటింటికీ తెలిసింది 1987లో అహ నా పెళ్ళంటతో. మధ్యలో తొమ్మిదేళ్ళు! ఆ తొమ్మిదేళ్ళూ గదిలో కూర్చుని ఫోన్ కోసం చూసుంటే ఏమయ్యేదో ఎవరికి తెలుసు? బ్రహ్మానందం అత్తిలిలో తెలుగు లెక్చరర్. జయప్రకాష్ రెడ్డి లెక్కల మాస్టారు. ఆయన 1988లోనే సినిమాలో కనిపించినా, ప్రేమించుకుందాం రాతో గుర్తింపు వచ్చేసరికి 1997 అయింది, వయసు యాభై దాటింది. సినిమాల్లో బిజీ అయ్యాక కూడా అలెగ్జాండర్ అనే ఏకపాత్ర నాటకాన్ని ఒంటిచేత్తో నడిపారు.

జీతం ఉన్నవాడు వేషాన్ని కాదనగలడు. కాదనగలిగినవాడి రేటు పడిపోదు. పరిషత్ నాటకాల్లో పోటీకి దిగేవాళ్ళకు ఇంకో లాభం, గొంతు. వెనక వరుసకు వినిపించేలా చెప్పడం నేర్చినవాడు కెమెరా ముందు తగ్గించుకోగలడు. తగ్గించి మాట్లాడటమే వచ్చినవాడు పెంచలేడు. గోపరాజు రమణ నాటకాల నుంచి వచ్చినవారే. 2020లో మిడిల్ క్లాస్ మెలోడీస్‌లో హోటల్ నడిపే కొండలరావుగా ఆయన నోరు విప్పిన మొదటి సీనుకే ప్రేక్షకుడు లొంగిపోయాడు. విద్యుత్ శాఖలో పనిచేసిన మురళీధర్ గౌడ్ డీజే టిల్లు తండ్రిగా, తర్వాత బలగంలో కనిపించే నాటికి ఉద్యోగ జీవితం ముగించుకున్నారు. ఈ వయసులో ఏం వెళ్తాంలే అనుకునేవాళ్ళు వీళ్ళను చూడాలి. తండ్రి వేషానికి తండ్రి వయసు అడ్డం కాదు.

ఈ దారిలో కష్టం సెలవులు. సినిమా వాళ్ళు రేపు రమ్మని ఈరోజు రాత్రి చెప్తారు. ప్రభుత్వోద్యోగులైతే శాఖ అనుమతి తీసుకుని నటించడం మంచిది, పేరొచ్చాక ఎవరో ఒకరు ఫిర్యాదు రాస్తారు.

గొంతు కూడా ఒక దారి

డబ్బింగ్‌ని పక్క ఆదాయంగా చూడటం తప్పు. సాయికుమార్ గొంతుతోనే ముందు తెలుగువాళ్ళకు తెలిశారు, ఆయన తమ్ముడు రవిశంకర్ అరుంధతిలో సోనూసూద్‌కి చెప్పిన డబ్బింగ్ మర్చిపోయినవాళ్ళు లేరు. ఇద్దరూ కన్నడలో పెద్ద నటులయ్యారు. పక్క భాషల నటీనటులు ఎంత ఎక్కువమంది వస్తే అంత ఎక్కువ తెలుగు గొంతులు కావాలి. సినిమాకీ సీరియల్‌కీ మధ్య ఖాళీ రోజుల్ని డబ్బు చేసే పని ఇదొక్కటే, గడ్డం గొడవ కూడా లేదు.

యాస, ముద్ర

కొత్తగా వచ్చినవాళ్ళు మొదట చేసే పని తమ ఊరి యాస దాచుకోవడం. ఎందుకు? జయప్రకాష్ రెడ్డిని నిలబెట్టింది సీమ మాట. బలగం తర్వాత తెలంగాణ పల్లె మాట సహజంగా పలికేవాళ్ళ కోసం వెతుకులాట మొదలైంది. ఆడిషన్‌లో ఒక ముక్క మామూలు తెలుగులో, ఒక ముక్క మీ ఇంటి యాసలో చెప్పండి. రాని యాస మాత్రం వచ్చని చెప్పకండి.

ఒకే రకం వేషాల ముద్ర పడుతుందన్న భయం గురించి నా అభిప్రాయం కొంచెం కటువుగా ఉంటుంది. అసలు ఏ ముద్రా లేని సహాయ నటుణ్ణి ఎవరూ పిలవరు. సూర్యకాంతం గయ్యాళి ముద్ర ఎంత బలంగా పడిందంటే, ఆ పేరు ఆడపిల్లలకు పెట్టడమే మానేశారని అంటారు. ఆ ముద్రే ఆమెకు దశాబ్దాల తరబడి పని ఇచ్చింది. మొదటి ఐదేళ్ళు ముద్ర కోసమే పాటుపడండి, దాన్ని చెరుపుకునే సంగతి తర్వాత చూసుకోవచ్చు.

మరి ఎవరికి ఏది?

చేతిలో ఆరు నెలల ఖర్చు కూడా లేదు, ఇంటికి డబ్బు పంపాలి అంటే సీరియల్ ఒప్పుకోండి, ఆలోచన కూడా అనవసరం. అయితే నెలకు ఇన్ని రోజులే అని ముందే మాట తీసుకోండి, ఒకేసారి రెండు సీరియల్స్ పెట్టుకోకండి. రెండు పెట్టుకున్న రోజే సినిమా ఆశ వదులుకున్నట్టు. రెండు మూడేళ్ళకు ఒకసారి, ఒక పాత్ర ముగిసి ఇంకోటి మొదలయ్యే మధ్యలో, కొన్ని నెలలు ఖాళీ ఉంచుకుని సినిమా ఆఫీసులు తిరగండి.

ముప్పై లోపు వయసు, ఏడాదిన్నర గడిచే డబ్బు ఉంటే చిన్న సినిమాలు, వెబ్, షార్ట్ ఫిల్మ్‌లు. ఆ వయసులో సీరియల్‌లో హీరో తమ్ముడిగా ఐదేళ్ళు ఇరుక్కోవడం నాకు నచ్చదు, నటన నేర్చుకునే ఐదేళ్ళు అవే.

నలభై దాటి ఉద్యోగం ఉంటే రాజీనామా చేయకండి. వారాంతాల్లో నాటకం, సెలవుల్లో చిన్న వేషాలు. వరుసగా రెండేళ్ళు నటన ఆదాయం జీతాన్ని దాటాక అప్పుడు చూడొచ్చు.

ముప్పై అయిదు దాటిన నటీమణులకు నా ఓటు సీరియల్‌కే. సినిమాలో వాళ్ళను తమకంటే నాలుగేళ్ళే చిన్న హీరోకి తల్లిగా అడుగుతారు, వేషంలో హారతి ఇవ్వడం తప్ప ఏమీ ఉండదు. సీరియల్‌లో ఆ వయసు ఆడవాళ్ళే కథను నడిపిస్తారు. అత్త పాత్ర విలన్ అయినా సరే, సీన్లు ఆవిడవే.

ఒప్పుకునే ముందు

పాత్ర ఎన్ని రోజులు, ఏ నెలల్లో, గెటప్ ఏమిటి, డబ్బింగ్ మీరే చెప్తారా అన్నవి అడగండి. మీ గొంతు తీసేసి వేరేవాళ్ళతో చెప్పిస్తే సగం నటన పోయినట్టే. బేటా (రోజు ఖర్చులకు ఇచ్చేది), కన్వేయన్స్ (ప్రయాణ ఖర్చు) రేటులో కలిపారా, విడిగానా అన్నది ప్రొడక్షన్ మేనేజర్ దగ్గర తేల్చుకోండి, డైరెక్టర్ దగ్గర కాదు. మాట అయ్యాక అదే విషయం వాట్సాప్‌లో ఒక మెసేజ్ పెట్టి "ఓకే సార్" అనిపించుకోండి. అగ్రిమెంట్ లేని చోట అదే కాగితం.

ఆడిషన్‌కి, పోర్ట్‌ఫోలియోకి, "ఆర్టిస్ట్ కార్డు"కి డబ్బు అడిగే కోఆర్డినేటర్ దగ్గర వేషం ఉండదు. 1993లో పుట్టిన మూవీ ఆర్టిస్ట్స్ అసోసియేషన్ సభ్యత్వం మంచిదే, రుసుము మాత్రం చిన్నది కాదు. నాలుగు వేషాలు పడ్డాక ఆలోచించండి. టీవీ ఆర్టిస్టులకు సంఘం వేరే ఉంది. టీడీఎస్ కట్ చేసినవాళ్ళు నిజంగా కట్టారో లేదో ఏడాదికోసారి ఆదాయపు పన్ను శాఖ వెబ్‌సైట్‌లో చూసుకుని రిటర్న్ వేయండి. ఆదాయం తక్కువున్నవాళ్ళకు ఆ డబ్బు తిరిగొస్తుంది, ఇంటి లోన్‌కి వెళ్ళినప్పుడు బ్యాంకు అడిగేదీ ఆ రిటర్నే.

ఆరోగ్య బీమా, ప్రమాద బీమా సొంతంగా తీసుకోండి, కంపెనీ చూసుకుంటుందిలే అనుకోవద్దు. నూతన్ ప్రసాద్ మంచి ఊపులో ఉండగా బామ్మ మాట బంగారు బాట షూటింగ్‌లో ప్రమాదం జరిగి నడుము కింది భాగం చచ్చుబడిపోయింది. తర్వాత చక్రాల కుర్చీలోనే ఎన్నో పాత్రలు వేశారు, ఈటీవీ నేరాలు-ఘోరాలకు ఆయన గొంతే ప్రాణమైంది. అంత గొంతు, అంత పేరు అందరికీ ఉండవు కదా. బీమా ప్రీమియాన్ని సీరియల్‌లో కొన్ని రోజుల పారితోషికంతో కట్టొచ్చు, మొదటి చెక్కు రాగానే ఆ పని చేయండి.